మొహెంజొదారో: బెనర్జీదా, మార్షల్‌దా?

ప్రశ్న: గ్రూప్-2కి చదువుతున్నాను. మొహెంజొదారోని కనిపెట్టింది ఆర్.డి. బెనర్జీ అని ఒక గైడ్‌లో, జాన్ మార్షల్ అని ఇంకోదాంట్లో ఉంది. ఏది పెట్టాలి? అసలు ఈ బెనర్జీ ఎవరండీ? ఆయన క్రెడిట్‌ని మార్షల్ కొట్టేశాడంటారు, నిజమేనా?
- ఒక పాఠకుడు, హనుమకొండ

జవాబు: బెనర్జీ, 1922 అని పెట్టేయండి. హరప్పా అయితే దయారాం సహాని, 1921. మార్షల్ అప్పట్లో పురావస్తు సర్వే డైరెక్టర్ జనరల్, వీళ్ళిద్దరికీ పై అధికారి. రెండుచోట్లా బయటపడింది ఒకే నాగరికత అని 1924 సెప్టెంబర్‌లో లండన్ పత్రికలో ప్రకటించింది మాత్రం ఆయనే. కాబట్టి 'ప్రకటించింది ఎవరు' అని అడిగితే మార్షల్. దీనికి టెన్షన్ ఎందుకు, ప్రశ్న రెండుసార్లు చదువుకోండి చాలు.

ఇక బెనర్జీ సంగతి. రాఖాల్‌దాస్ బెనర్జీ 1885లో బెంగాల్‌లోని బహరంపూర్‌లో పుట్టారు. కలకత్తా ప్రెసిడెన్సీ కాలేజీలో చదివి, ఇండియన్ మ్యూజియంలో చేరి, 1911లో సర్వేలోకి వచ్చారు. 1917కల్లా పశ్చిమ విభాగానికి అధికారి, ఆఫీసు పూణేలో. సింధ్ అప్పుడు బొంబాయి ప్రెసిడెన్సీలో ఉండేది కాబట్టి లార్కానా జిల్లాలోని ఆ దిబ్బ ఆయన పరిధిలోకే వచ్చింది.

ఆ దిబ్బ ఎవరికీ తెలియనిదేం కాదు. పైన ఇటుకల స్తూపం దూరం నుంచే కనబడుతుంది. బెనర్జీ కంటే ముందు, 1911-12లో, డి.ఆర్. భండార్కర్ అనే పెద్ద పండితుడే అక్కడికి వెళ్ళి, ఇటుకలు చూసి, ఇవి ఈమధ్యవే, ఊరి వయసు మహా అయితే రెండు వందల ఏళ్ళు అని తేల్చేసి వచ్చారు! అంత పెద్దాయన ఆ మాట అన్నాక మళ్ళీ ఆ దిబ్బ జోలికి ఎవరు పోతారు? బెనర్జీ పోయారు. అక్కడ చెకుముకి రాయి పనిముట్టు ఒకటి కంటపడితే, బౌద్ధ స్తూపం ఉన్నచోట రాతి పనిముట్టుకి పనేమిటన్న అనుమానం వచ్చి, 1922-23లో తవ్వించారు. స్తూపం కుషాణుల నాటిది, దాని కింద ఇంకా పాత కట్టడాలు, వాటిలో ఎవరూ చదవలేని లిపితో ముద్రికలు. అలాంటివి హరప్పాలో సర్వే మొదటి అధిపతి కన్నింగ్‌హామ్‌కి ఎప్పుడో దొరికాయన్నది బెనర్జీకి గుర్తుంది. రెండు ఊళ్ళకీ మధ్య దూరం ఆరు వందల కిలోమీటర్ల పైమాటే. నా దృష్టిలో ఆయన గొప్పంతా ఈ పోలిక పట్టుకోవడంలోనే ఉంది, పార పట్టించడం ఎవరైనా చేస్తారు.

క్రెడిట్ కొట్టేశాడా అంటే, నేను అంత మాట అనను. 1924 వ్యాసంలో మార్షల్ ఇద్దరి పేర్లూ చెప్పాడు. 1931లో వచ్చిన మూడు సంపుటాల పుస్తకంలో, మొహెంజొదారోని కాకపోయినా అది ఎంత పాతదో కనిపెట్టిన ఘనత బెనర్జీదే అని రాశాడు కూడా. కాకపోతే ఆ మాట చదువుకోవడానికి బెనర్జీ లేరు, 1930లోనే పోయారు, నలభై అయిదేళ్ళకే. పైగా పుస్తకం మీద ఉండేది ఒక్క పేరేగా, జనానికి గుర్తుండేదీ అదే.

1924లో బెనర్జీని తూర్పు విభాగానికి మార్చారు, అక్కడ పహార్‌పూర్ బౌద్ధ విహారం తవ్వకాలు చూశారు. 1926లో సర్వే నుంచి బయటికొచ్చి, 1928 నుంచి బనారస్ హిందూ యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. బెంగాలీ లిపి పుట్టుక మీద ఆయన పుస్తకం ఇప్పటికీ పేరున్నదే. ఇవన్నీ చాలనట్టు చారిత్రక నవలలు కూడా రాశారు, 'శశాంక' అందులో ఒకటి. ఇంత మనిషి మన గైడ్లలో ఒక్క బిట్‌కి సరిపోయాడు!

ప్రశ్న: మొహెంజొదారోలో దొరికిన డ్యాన్సింగ్ గర్ల్ కంచు బొమ్మని తవ్వింది కూడా బెనర్జీయేనా? అది పాకిస్తాన్‌లో ఉందా?
- ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: కాదమ్మా. అది 1926లో తవ్వకాల్లో దొరికింది, అప్పటికి బెనర్జీ అక్కడ లేరు. ఊరు పాకిస్తాన్‌కి పోయింది గానీ బొమ్మ మన దగ్గరే, ఢిల్లీ నేషనల్ మ్యూజియంలో ఉంది. గడ్డం పూజారి విగ్రహం మాత్రం కరాచీలో ఉంది. ఢిల్లీ వెళ్తే హరప్పా గ్యాలరీలో జాగ్రత్తగా వెతకండి, బొమ్మ పట్టుమని పదకొండు సెంటీమీటర్లు కూడా ఉండదు.