గాయెల్ గార్సియా బెర్నాల్ సినిమాలు ఎక్కడ మొదలుపెట్టాలి?

'కోకో' అనే యానిమేషన్ సినిమాలో హెక్టర్‌కి గొంతిచ్చిన మెక్సికన్ నటుడి మిగతా సినిమాల్లో ఏది ముందు చూడాలని అడిగారు. (స్పానిష్ వెర్షన్‌లోనూ ఆ గొంతు ఆయనదే, వీలైతే అదీ వినండి.) చాలా ఏళ్లుగా ఆయన సినిమాలు వెతుక్కుని మరీ చూస్తున్నాను కాబట్టి నా సలహా చెప్తాను: 'నో' (2012).

చాలామంది 'అమోరెస్ పెర్రోస్' (2000) చూడమంటారు. ఫిల్మ్ క్లబ్‌లో నేనూ దాంతోనే మొదలుపెట్టాను. గొప్ప సినిమా, కానీ కుక్కల పందేల సీన్లు తట్టుకోవడం కష్టం. అది తర్వాత చూడొచ్చు.

'నో' కథ చిలీది. సైనిక నియంత పినోచెట్ పాలన కొనసాగాలా వద్దా అని 1988లో ప్రజల్ని ఓటు అడిగారు. 'వద్దు' అనే పక్షానికి టీవీ ప్రచారం తయారుచేసే యాడ్ కంపెనీ కుర్రాడు బెర్నాల్. పాతకాలం వీడియో కెమెరాలతో తీశారు కాబట్టి అప్పటి అసలు టీవీ దృశ్యాలకీ సినిమాకీ తేడా తెలియదు. గెలిచిన రాత్రి అందరూ కేకలు, కౌగిలింతల్లో ఉంటే, అతను కొడుకుని ఎత్తుకుని ఆ జనం మధ్యలోంచి నడిచిపోతాడు. ముఖంలో ఉన్నది సంతోషమో అయోమయమో తేలదు. ఒక్క డైలాగూ లేదు. ఆ సీన్ వెనక్కి తిప్పి ఎన్నోసార్లు చూశాను. నా దృష్టిలో ఆయన చేసిన అత్యుత్తమ నటన అదే.

తర్వాత 2004లో వచ్చిన రెండూ వెంటవెంటనే చూడండి. 'మోటార్‌సైకిల్ డైరీస్'లో కుర్ర చే గువేరా, స్పెయిన్ దర్శకుడు ఆల్మొదోవార్ తీసిన 'బ్యాడ్ ఎడ్యుకేషన్'లో ఆడవేషం కట్టే మోసగాడు. మొదటిదానికి అర్జెంటీనా యాస, రెండోదానికి స్పెయిన్ యాస. నెల్లూరు కుర్రాడు ఒక సినిమా అంతా కరీంనగర్ యాసలో, ఇంకోటి శ్రీకాకుళం యాసలో చేయడం లాంటిది.

నిర్మాతగా ఆయన చేసింది ఇక్కడ పెద్దగా ఎవరికీ తెలియదు, అదే నాకు బాధ. చిన్నప్పటి నేస్తం డియెగో లూనాతో కలిసి 2005లో కనానా అనే కంపెనీ పెట్టాడు. ఉత్తర మెక్సికో కొండల్లోని రారామురి భాషలో 'కొచోచి' (2007) నిర్మించారు. స్టార్ లేడు, పెద్ద మార్కెట్టూ లేదు. అదే 2005లో వీళ్లు మొదలుపెట్టిన అంబులాంటే అనే ఫెస్టివల్ డాక్యుమెంటరీలను రాష్ట్రం రాష్ట్రం తిప్పి జనానికి చూపిస్తుంది. డాక్యుమెంటరీ వేస్తామంటే హాలు సగం నింపడానికే మా క్లబ్‌లో ఎంత టెన్షన్ పడేవాళ్లమో నాకు తెలుసు. డబ్బు, పేరు ఉన్న హీరో ఈ పని నెత్తిన వేసుకున్నాడంటే నాకు నిజంగా గౌరవం.

దొంగతనం కథలు ఇష్టమైతే 'మ్యూజియో' (2018) కూడా చూడండి. 1985 క్రిస్మస్ వేళ మెక్సికో సిటీ మ్యూజియంలో నిజంగా జరిగిన చోరీ ఆధారంగా తీశారు. 'ఇ తు మామా తాంబియెన్' (2001) మాత్రం ఇంట్లో అందరితో కూర్చుని పెట్టకండి, ఒంటరిగా చూడాల్సిన సినిమా అది.