యూదుడు అనొచ్చా, అనకూడదా?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఐదారు యూదుడు (ఇంగ్లీషులో జ్యూ) అన్న ఒకే మాట చుట్టూ తిరుగుతున్నాయి. విడివిడిగా వేస్తే చెప్పిందే మళ్లీ చెప్పాల్సి వస్తుందని అన్నీ ఒకచోట పెట్టాను.

ప్రశ్న: నేను డాలస్‌లో ఉద్యోగం చేస్తున్నాను. మా టీమ్‌లో కొత్తగా చేరినాయన శనివారం ఫోన్ కూడా ఎత్తరని ఎవరో అంటే, లంచ్ టైమ్‌లో "ఓ, ఆయన జ్యూనా?" అన్నాను. పక్కనున్నావిడ ముఖం మారిపోయింది. "జ్యూయిష్ అనాలి" అని మెల్లగా చెప్పింది. అప్పట్నుంచీ ఒకటే టెన్షన్. నేనేమైనా తిట్టానా అండీ?

జవాబు: తిట్టలేదమ్మా, కంగారు పడకండి. జ్యూ అనేది తిట్టు కాదు, వాళ్లు తమ గురించి తాము చెప్పుకునే మాటే అది. కానీ ఇంగ్లీషులో ఆ మాటకు ఒక పాత గాయం ఉంది. కొన్ని వందల ఏళ్లు దాన్ని ఉమ్మినట్టుగా వాడారు. బేరమాడి ధర తగ్గించడాన్ని ఆ మాటతోనే క్రియగా చేసి చెప్పేవాళ్లు, లాయర్‌కో డాక్టర్‌కో ముందు దాన్ని అంటించి "జ్యూ లాయర్" అని హేళనగా అనేవాళ్లు. ఆ రెండు వాడకాలూ ఇప్పటికీ బూతు కిందే లెక్క. అందుకని బయటివాళ్ల నోట్లో ఆ పొట్టి మాట వినగానే కొంతమంది ఉలిక్కిపడతారు. "ఆయన జ్యూయిష్" అంటే ఎవరికీ ఇబ్బంది ఉండదు, మీరూ అలాగే అనండి.

అయితే ఆ భయాన్ని తెలుగులోకి మోసుకురావద్దు. యూదుడు, యూదురాలు, యూదులు, యూదు కుటుంబం, యూదుల పండగ, ఇవన్నీ మనకు శుభ్రమైన మాటలు. మర్యాద కోసమని ప్రతిసారీ "యూదు మతస్థులు" అని రాసేవాళ్లున్నారు, అది ఇంకో తప్పు. ఎందుకో కింద వేరే ప్రశ్నలో చెబుతాను.

ఒక భాషలో మర్యాదైన మాట పక్క భాషలో తిట్టు అవుతుందనడానికి యూదుల పేరును మించిన ఉదాహరణ నాకు కనపడలేదు. పోలిష్‌లో యూదుణ్ని "జిద్" అంటారు, అది మామూలు మాట. అదే మాట సరిహద్దు దాటి రష్యన్‌లోకి వెళ్తే పచ్చి తిట్టు. రష్యన్‌లో "యెవ్రేయ్" అనాలి, అంటే హెబ్రీయుడు అని. ఇంగ్లీషులోనేమో ఈ కాలపు మనిషిని పట్టుకుని "హీబ్రూ" అంటే వింతగా చూస్తారు, ఆ పేరు భాషకే మిగిలింది. ఫ్రాన్స్‌లో 19వ శతాబ్దంలో మర్యాదస్తులు "జ్విఫ్" అనకుండా "ఇజ్రాయెలీత్" అనేవాళ్లు. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత అక్కడి యూదులే, మా పేరు దాచిపెట్టాల్సిన పేరు కాదని, జ్విఫ్ అన్న మాటనే తిరిగి తీసుకున్నారు.

పేరు అంటే ఎందుకంత సున్నితమో తెలియాలంటే 1938 నాటి, నాజీల కాలపు జర్మనీలో ఒక యూదుడి పాస్‌పోర్టు చూడాలి. మొదటి పేజీలో పైన, ఎడమ పక్కన, ఎర్ర సిరాతో పెద్ద అక్షరం ఒకటి కొట్టి ఉంటుంది. అది J, జర్మన్‌లో యూదుడు అని అర్థమిచ్చే "యూదె" అన్న మాటలోని మొదటి అక్షరం. ఆ ఏడాదే ఇంకో ఉత్తర్వు ఇచ్చారు: పేరు చూడగానే యూదులని తెలియని మగవాళ్లందరూ తమ పేరు పక్కన "ఇజ్రాయెల్" అని, ఆడవాళ్లు "సారా" అని చేర్చుకోవాలి. సారా అంటే అబ్రాహాము భార్య, వాళ్లకు తల్లి లాంటి మనిషి. ఆ పేరునే గుర్తింపు ముద్ర చేసి మెడకు కట్టారు. ఎవరో ఒకావిడ మీ మాటకు ముఖం మార్చుకుందంటే దాని వెనక ఇదంతా ఉందని అనుకోండి, మీ మీద కోపం కాదు.

ప్రశ్న: ఒంగోలులో సండే స్కూల్ పిల్లలకు చెబుతుంటాను. హెబ్రీయులు, ఇశ్రాయేలీయులు, యూదులు, ముగ్గురూ ఒకరేనా అని ఒక పాప అడిగింది. సరిగ్గా చెప్పలేకపోయాను.

జవాబు: పాప మంచి ప్రశ్న అడిగింది. ఒకే జనానికి వేర్వేరు కాలాల్లో వచ్చిన పేర్లు అవి. మొదటిది హెబ్రీయులు. ఆదికాండంలో అబ్రాహామును ఆ పేరుతో పిలిచారు. ఎక్కువగా పరాయివాళ్ల మధ్య ఉన్నప్పుడు వాడిన మాట అది, ఓడలో నువ్వెవరివని నావికులు అడిగితే యోనా కూడా హెబ్రీయుణ్ని అనే చెప్పాడు. రెండోది యాకోబు నుంచి వచ్చింది. రాత్రంతా పెనుగులాడాక ఆయనకు ఇశ్రాయేలు అన్న పేరు దొరికింది, ఆయన పన్నెండుమంది కొడుకుల సంతానం ఇశ్రాయేలీయులు. మూడోది ఆ కొడుకుల్లో నాలుగోవాడైన యూదా పేరు. సొలొమోను తర్వాత రాజ్యం రెండు ముక్కలై, ఉత్తరాన ఇశ్రాయేలు, దక్షిణాన యూదా మిగిలాయి. క్రీ.పూ. 722 ప్రాంతంలో అష్షూరు (అస్సీరియా) ఉత్తర రాజ్యాన్ని తుడిచిపెట్టేసింది. మిగిలింది యూదా ఒక్కటే, కాబట్టి ఏ గోత్రంవాళ్లయినా సరే అందరికీ ఆ పేరే స్థిరపడింది. ఎస్తేరు కథలో మొర్దెకై బెన్యామీను గోత్రంవాడు, అయినా ఆయన్ని యూదుడనే అన్నారు చూడండి.

పిల్లలకు చెప్పడానికి పౌలును మించిన ఉదాహరణ లేదు. తార్సు యూదుణ్ని అంటాడు, ఇశ్రాయేలు వంశంవాణ్ని అంటాడు, హెబ్రీయుల సంతానమైన హెబ్రీయుణ్ని అంటాడు, ధర్మశాస్త్రం విషయంలో పరిసయ్యుణ్ని అని కూడా అంటాడు. నాలుగూ ఒకే మనిషి, నాలుగూ గర్వంగానే చెప్పుకున్నాడు.

పరిసయ్యుడు, అంటే ధర్మశాస్త్రాన్ని నిష్ఠగా పాటించే ఒక యూదు వర్గంవాడు, అన్న మాట వచ్చింది కాబట్టి, మీరు అడగకపోయినా ఒకటి చెప్పాలి. మన ప్రసంగాల్లో పరిసయ్యుడంటే వేషధారి అన్న అర్థం ఒక్కటే నిలబడిపోయింది. "వాడొట్టి పరిసయ్యుడు" అని చర్చి గొడవల్లో తిట్టుకోవడం మీరూ వినే ఉంటారు. కానీ యెరూషలేము దేవాలయం కూలిపోయాక యూదుల చదువునీ ప్రార్థననీ నిలబెట్టిన పండితుల పరంపర ఆ పరిసయ్యులదే, ఇవాళ్టి రబ్బీలు (యూదుల మత గురువులు) తమ మూలాలను అక్కడే చూసుకుంటారు. అపొస్తలులను విడిచిపెట్టమని సభలో లేచి మాట్లాడిన గమలీయేలు పరిసయ్యుడే. యేసు దేహానికి సుగంధ ద్రవ్యాలు మోసుకొచ్చిన నీకొదేము కూడా పరిసయ్యుడే. వాళ్లిద్దరి గురించీ పిల్లలకు చెప్పండి. అలాగే "యూదులు యేసును చంపారు" అని ఒక్క ముక్కలో చెప్పేయకండి. సిలువ వేయించింది రోమా అధిపతి, చుట్టూ ఏడ్చినవాళ్లు యూదులు, ఆ తల్లి యూదురాలు, శిష్యులంతా యూదులు. ఆ ఒక్క వాక్యం యూరప్‌లో ఎన్ని ఊళ్లను తగలబెట్టించిందో లెక్కలేదు. ఆనాటి యూదులందరి మీదా, ఈనాటి వాళ్ల మీదా ఆ నేరం మోపకూడదని క్యాథలిక్ చర్చి 1965లో అధికారికంగా ప్రకటించింది.

ఇంకో చిక్కు మన తెలుగు బైబిల్లోనే ఉంది. గోత్రానికి మూలపురుషుడు యూదా, ముప్పై వెండి నాణేలకు గురువును పట్టిచ్చిన ఇస్కరియోతు పేరూ యూదానే. అది ఆ కాలంలో మనకు వెంకటేశ్వర్లు లాంటి పేరు, ఊరికి పదిమంది ఉండేవాళ్లు. అందుకే యోహాను సువార్తలో ఇంకొకాయన్ని చెప్పాల్సొచ్చినప్పుడు "ఇస్కరియోతు కాని యూదా" అని విడమరిచి రాశారు. పిల్లలు రెండు పేర్లూ కలిపేసి జాతి మొత్తాన్నీ ద్రోహుల కింద జమకట్టకుండా మీరు విడదీసి చెప్పండి.

ప్రశ్న: దేవుణ్నే నమ్మనంటాడు, మళ్లీ నేను యూదుణ్ని అంటాడు మా ప్రొఫెసర్. ఇదెలా కుదురుతుంది?

జవాబు: కుదురుతుంది. యూదులనేది మతం పేరు మాత్రమే కాదు, ఒక జనం పేరు. సంప్రదాయ ధర్మశాస్త్రం ప్రకారం యూదు తల్లికి పుట్టినవాళ్లూ, పద్ధతి ప్రకారం ఆ ధర్మంలోకి వచ్చినవాళ్లూ యూదులే. అమెరికాలో రిఫార్మ్ శాఖవాళ్లు 1983 నుంచి, బిడ్డను యూదు పద్ధతిలో పెంచితే తండ్రి వైపు నుంచి కూడా ఒప్పుకుంటున్నారు. నమ్మకం పోయినంత మాత్రాన పుట్టుక పోదు, అందుకే "యూదు మతస్థుడు" అన్న మాట మీ ప్రొఫెసర్‌కు నప్పదు. అలాగని "జాతి" అనడానికీ జంకుతాను, రక్తం లెక్కలు కట్టిన నాజీల వాసన ఆ మాటకు అంటుకుంది. ఇథియోపియా యూదులు, యెమెన్ యూదులు, పోలండ్ యూదులు, మన కొచ్చిన్ యూదులు రంగులో, రూపంలో ఒక్కలా ఉండరు. యూదు జనం, యూదు సముదాయం అంటే సరిపోతుంది.

ప్రశ్న: న్యూస్ డెస్క్‌లో ట్రైనీని. "యూదుల దాడిలో పలువురి మృతి" అని హెడ్డింగ్ పెడితే సీనియర్ కొట్టేశారు. ఇజ్రాయెల్ అంటే యూదులే కదా?

జవాబు: మీ సీనియర్ చేసింది నూటికి నూరు పాళ్లూ రైటు. దాడి చేసింది సైన్యమైతే "ఇజ్రాయెల్ సైన్యం" అని రాయాలి, ప్రభుత్వ నిర్ణయమైతే "ఇజ్రాయెల్ ప్రభుత్వం" అనాలి. ఇజ్రాయెల్ పౌరుల్లో ఐదో వంతు మంది అరబ్బులు, వాళ్లూ ఇజ్రాయెలీలే. ప్రపంచంలో ఉన్న యూదులు మొత్తం కలిపి ఒకటిన్నర కోటి చిల్లర, అందులో సగానికి పైగా ఇజ్రాయెల్ బయటే బతుకుతున్నారు. ముంబైలో ఉన్న ఒక యూదు ముసలావిడకు గాజాలో పడిన బాంబుతో ఏం సంబంధం? మీ హెడ్డింగ్ ఆమెను కూడా బోనులో నిలబెట్టేస్తుంది. ఇంకో తేడా గుర్తుపెట్టుకోండి: బైబిల్ కాలంవాళ్లు ఇశ్రాయేలీయులు, ఇప్పటి దేశ పౌరులు ఇజ్రాయెలీలు.

జియోనిస్టు అన్నది రాజకీయ మాట. యూదులకు తమ పూర్వీకుల నేలమీద సొంత దేశం ఉండాలన్న వాదం అది, దాని మొదటి మహాసభ 1897లో స్విట్జర్లాండ్‌లోని బాసెల్‌లో జరిగింది. మన ఊళ్లలో సీయోను ప్రార్థనా మందిరం అని బోర్డులుంటాయే, అదే సీయోను, యెరూషలేములోని కొండ పేరు. యూదులందరూ జియోనిస్టులు కారు, సత్మర్ హసీదుల్లాంటి మహా ఛాందసులు మతపరంగానే దాన్ని వ్యతిరేకిస్తారు. జియోనిస్టులందరూ యూదులూ కారు. ఆ వాదాన్ని విమర్శించొచ్చు, ఇజ్రాయెల్ ప్రభుత్వాన్ని కడిగేయొచ్చు, అది యూదు ద్వేషం కాదు. కానీ "బ్యాంకులన్నీ జియోనిస్టుల చేతిలో ఉన్నాయి, మీడియా అంతా వాళ్లదే" అని రాశారనుకోండి, అక్కడ పేరు మాత్రమే మారింది, లోపల ఉన్నది పాత విషమే.

యాంటీసెమిటిజం అన్న మాటకు కొందరు "సెమిటిక్ వ్యతిరేకత" అని తెలుగు చేస్తున్నారు. వద్దు. విల్హెల్మ్ మార్ అనే జర్మన్ 1879లో ప్రచారంలోకి తెచ్చిన మాట అది, మొదటి నుంచీ యూదుల మీద ద్వేషానికే వాడారు. సెమిటిక్ అన్నది అసలు భాషల కుటుంబం పేరు. అందువల్లే "అరబ్బులు కూడా సెమిట్లే కదా, వాళ్లెలా యూదులను ద్వేషిస్తారు" అన్న పనికిరాని వాదన పుడుతుంది. యూదు ద్వేషం అని రాయండి, ఎవరికైనా అర్థమవుతుంది.

ప్రశ్న: పొగిడితే కూడా తప్పేనా? మా అబ్బాయి కోచింగ్‌లో ఒక సార్ రోజూ "యూదుల్లా చదవాలి, డబ్బు వాళ్ల రక్తంలోనే ఉంది" అంటారట.

జవాబు: తప్పేనండీ. గర్భంతో ఉన్న యూదు తల్లులు లెక్కలు చేస్తారని, అందుకే పిల్లలు మేధావులవుతారని వాట్సాప్‌లో తిరిగే మెసేజ్ కూడా ఇదే బాపతు. తియ్యగా ఉంటుంది కానీ, డబ్బు వాళ్ల రక్తంలో ఉందన్న మాటే కదా మొన్నటిదాకా వాళ్లను తరిమికొట్టినవాళ్లూ అన్నది! మధ్యయుగపు యూరప్‌లో చాలాచోట్ల యూదులకు భూమి కొనే హక్కు లేదు, చేతివృత్తుల సంఘాల్లో చోటు లేదు. వడ్డీ తీసుకోవడం క్రైస్తవులకు పాపమని చర్చి నిషేధించింది. మిగిలిన ఆ పనిలోకి వీళ్లను నెట్టి, తర్వాత పీనాసులని పేరు పెట్టారు. కాల్‌మనీ వార్తల్లో "షైలాక్‌లు" అని రాయడం కూడా నాకు బాధగానే ఉంటుంది. షైలాక్ అంటే షేక్‌స్పియర్ నాటకంలో వడ్డీకి అప్పులిచ్చే యూదుడు. షేక్‌స్పియర్ ఆ పాత్రను రాసేనాటికి యూదులను ఇంగ్లండ్ నుంచి వెళ్లగొట్టి 300 ఏళ్లు దాటింది, 1290 నాటి మాట అది. ఆ నాటకం చూసినవాళ్లలో చాలామంది జన్మలో ఒక్క యూదుణ్ని చూసి ఉండరు. కాల్‌మనీ వాళ్లను వడ్డీ జలగలు అనండి, మన మాట ఉందిగా.

ప్రశ్న: హోలోకాస్ట్ అనాలా, షోవా అనాలా?

జవాబు: హోలోకాస్ట్ అందరికీ తెలిసిన పేరు, వాడొచ్చు. కానీ గ్రీకులో దాని అసలు అర్థం పూర్తిగా కాల్చి దేవుడికిచ్చే బలి, అంటే మన బైబిల్లో దహనబలి అంటామే, అదే. నాజీలు 60 లక్షలమంది యూదులను చంపడం ఏ దేవుడికీ ఇచ్చిన బలి కాదని చాలామంది యూదులు షోవా అంటారు, హీబ్రూలో మహావిపత్తు అని అర్థం. "ఎలక్షన్లలో మా పార్టీకి హోలోకాస్ట్" లాంటి వాడకాలు మాత్రం దయచేసి మానండి.

ప్రశ్న: మాది తెనాలి. చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో యూదులున్నారంటారు. వాళ్లు నిజం యూదులేనా? ఏమని పిలవాలి?

జవాబు: వాళ్లు తమను బెనే ఎఫ్రాయిమ్ అని చెప్పుకుంటారు, ఎఫ్రాయిము సంతానం అని అర్థం. కాబట్టి మీరూ అలాగే పిలవండి, తెలుగు యూదులు అన్నా బాగుంటుంది. శనివారం విశ్రాంతి పాటిస్తారు, సొంత సినగాగ్ (యూదుల ప్రార్థనా మందిరం) ఉంది, హీబ్రూ నేర్చుకుంటున్నారు. ఎక్కువమంది మాదిగ కుటుంబాలవాళ్లు. ఇజ్రాయెల్ ప్రభుత్వం వాళ్లను ఒక సముదాయంగా ఇంకా గుర్తించలేదన్నది నిజమే. కానీ "నిజం యూదులేనా" అన్న ప్రశ్న మహారాష్ట్రలోని బెనే ఇజ్రాయెల్‌కూ తప్పలేదు. శనివారం గానుగ ఆపే నూనె పనివాళ్లు కాబట్టి వాళ్లను ఊళ్లో "శనివార్ తేలీ" అనేవాళ్లు, ఇజ్రాయెల్ వెళ్లాక కూడా నిరసనలు చేసి, 1964లో గానీ పూర్తి యూదులుగా అనిపించుకోలేకపోయారు. కొచ్చిన్‌లో "నల్ల యూదులు, తెల్ల యూదులు" అని పేర్లు పెట్టి విడదీశారు. తెల్ల యూదుల సినగాగ్‌లో ఒకప్పటి బానిసల సంతానమని కొందరిని విడిగా కూర్చోబెట్టారు, ఏ.బి. సాలెం అనే లాయర్ ఆ వివక్ష మీద సత్యాగ్రహం చేశారు. ఇప్పుడు ఆ రంగుల పేర్లు వాడకూడదు, మలబారీ యూదులు, పరదేశి యూదులు అనాలి.

కొత్తరెడ్డిపాలెం వాళ్ల విషయంలో మన దగ్గర ఆ అనుమానం వెనక కులం కూడా దాక్కుని ఉంటుందని నా నమ్మకం. అదే మాట పై కులంవాళ్లు చెబితే ఇన్ని ఆరాలు తీసేవాళ్లం కాదు. మీకు దగ్గరే కాబట్టి ఒకసారి వెళ్లి రండి. శనివారం వెళ్తే "షబ్బాత్ షలోమ్" (విశ్రాంతి దినాన శాంతి కలగాలి) అని పలకరించండి, ఆచారం గట్టిగా పాటించే యూదులు ఆ రోజు ఫోన్ ముట్టుకోరు కాబట్టి ఫొటో తీసే ముందు అడగండి.