నవలలోని ఆలోచనలను తెర మీద ఎలా చూపించాలి?

నమస్కారమండీ. నవలను స్క్రీన్‌ప్లేగా మలుస్తుంటే నాయకుడి ఆలోచనలన్నీ వాయిస్ ఓవర్‌లోకే (తెర వెనుక నుంచి వినిపించే మాటల్లోకే) వెళ్లిపోతున్నాయని రాశారు. డెన్మార్క్ సినీ రచయిత నికోలాయ్ ఆర్సెల్ పనిని వరుసగా గమనిస్తే మీ చిక్కు చాలావరకు విడిపోతుంది. 2009లో వచ్చిన చిత్రం కోసం స్వీడన్ రచయిత స్టీగ్ లార్సన్ నవలను మరొకరితో కలిసి స్క్రీన్‌ప్లేగా మలిచిన ఆయన, యూసీ ఆడ్లర్ ఓల్సెన్ నవల ఆధారంగా 2013లో వచ్చిన చిత్రంలో, డిటెక్టివ్‌కు జరిగిన పరాభవాన్ని అతన్ని నేలమాళిగలో పాత ఫైళ్ల మధ్య కూర్చోబెట్టి చూపించారు. ఇడా యెస్సెన్ నవల నుంచి వచ్చిన 2023 నాటి ‘బాస్టార్డెన్’ను మాత్రం తప్పక చూడండి (నా దృష్టిలో అదే ఆయన ఉత్తమ రచన): 18వ శతాబ్దపు మాజీ సైనికాధికారి పట్టుదలంతా డెన్మార్క్‌లోని జట్లాండ్ బీడులో అతను పండించే బంగాళాదుంపల్లోనే కనిపిస్తుంది. మీరూ ఒక అధ్యాయం తీసుకుని, ప్రతి ఆలోచన పక్కనా పాత్ర చేసే పని ఒకటి రాసుకోండి. ఏ పనీ దొరకని ఆలోచనను కొట్టివేయండి.