హోటలు తెరవకముందే చెత్త లెక్క తేల్చుకో

చిరంజీవి రఘుకు పెద్దమ్మ ఆశీస్సులు.

నాయనా, మన తిరుపతిలో రేణిగుంట రోడ్డులో భోజన హోటలు పెడుతున్నావనీ, వంటమాస్టరు మొదలుకొని పార్శిలు కౌంటరు దాకా అన్నీ కుదిరాయనీ నువ్వు రాసిన ఉత్తరం చదివి చాలా సంతోషించాను. అంత పొడుగు ఉత్తరంలో చెత్త గురించి మాత్రం ఒక్కటే వాక్యం రాశావు: కార్పొరేషన్ బండి వస్తుందనీ, చాలకపోతే నెలకింత అని ప్రైవేటు మనిషిని మాట్లాడుకుంటావనీ. ఈ ఊళ్లో ఇన్నేళ్లు మెస్సు నడిపిన దానిని కాబట్టి చెబుతున్నాను, కొత్తగా వ్యాపారంలోకి దిగేవాళ్లు దాదాపు అందరూ ఇలాగే అనుకుంటారు. చెత్తకు సంబంధించిన మంచిచెడ్డలన్నీ అది బండి ఎక్కిన తర్వాత మొదలవుతాయన్నది వాళ్ల నమ్మకం. నిజానికి బండి వచ్చేసరికి అంతా అయిపోయి ఉంటుంది, ఎందుకంటే ఏది ఎరువవుతుందో, ఏది అమ్ముడుపోతుందో, ఏది ఎందుకూ పనికిరాకుండా గుట్టలో చేరుతుందో తేలేది నీ వంటింట్లో, గిన్నెలు కడిగే తొట్టి పక్కన.

ముందు నీ హోటలు చెత్త ఎంతో తూచుకో. ఇంటి ముందుకు వచ్చే బండే హోటలుకూ సరిపోతుందని అనుకోవడం మొదటి పొరపాటు. అన్ని రకాలూ కలిపి సగటున రోజుకు 100 కిలోలు దాటితే ఘన వ్యర్థాల నిర్వహణ నిబంధనల ప్రకారం అది భారీగా చెత్త వచ్చే సంస్థల లెక్కలోకి వస్తుంది. తడి చెత్తను వీలైనంత వరకు మన ఆవరణలోనే ఎరువుగానో, గ్యాసుగానో మార్చుకోవలసిన బాధ్యత అలాంటి సంస్థలది. వంద కిలోలంటే చాలా ఎక్కువ అనిపిస్తుంది కానీ, ఎంగిలి అరిటాకులు, కూరగాయల తొక్కలు, మిగిలిన అన్నం, కాఫీ పిప్పి, కొబ్బరి పీచు అన్నీ కాటా మీద పెట్టి చూస్తే ఒక మోస్తరు భోజన హోటలు ఆ గీత దగ్గరికి ఎంత తేలిగ్గా వచ్చేస్తుందో అర్థమవుతుంది. తూచేటప్పుడు ఏదో ఒక మంగళవారం చూసి ఊరుకోకు. మన ఊరికి శనివారాల రద్దీ వేరు, తమిళుల పెరటాసి నెలలో తమిళనాడు నుంచి వచ్చే యాత్రికుల రద్దీ వేరు, బ్రహ్మోత్సవాల రద్దీ వేరు. వారం పొడుగునా తూచి, ఆ కాగితం దగ్గర పెట్టుకుని వార్డు సచివాలయంలో పారిశుద్ధ్య, పర్యావరణ కార్యదర్శిని కలువు. వాళ్లు నీ దగ్గరికి వచ్చి అడగకముందే నువ్వు వెళ్లి చెబితే బండి వేళలు కుదుర్చుకోవడం సులువవుతుంది.

చెత్త పన్ను తీసేశారు కదా, ఇక మనకేం పని అని నీ స్నేహితుడు అన్నాడని రాశావు. పన్ను రద్దు సంగతి నిజమే, 2024 అక్టోబరు 2న ముఖ్యమంత్రి ప్రకటించారు. అయితే పోయింది వసూలు మాత్రమే. తడి, పొడి వేరు చేసి ఇవ్వవలసిన బాధ్యత ఆ పన్నుతో పుట్టిందీ కాదు, దానితో పోయేదీ కాదు.

ఇక అందరి నోటా వినిపించే మాట ఒకటుంది, మనం ఎంత వేరు చేసినా వాళ్లు బండిలో కలిపేస్తారని. అలా జరగదని నేను అనను. జరిగిన రోజు బండి వచ్చిన వేళ, దాని నంబరు రాసుకుని ఫిర్యాదు చేసే హక్కు నీకుంది, చెయ్యి కూడా. కాని ఈ మాట అనేవాళ్ల హోటలు వెనక గుమ్మం దగ్గర రాత్రి పదకొండు గంటలకు నిలబడి చూడు. పగలంతా రెండు డబ్బాల్లో వేసిన చెత్తను, ఇంటికి వెళ్లే తొందరలో కుర్రాడు ఒకే పెద్ద కవరులో కుమ్మరించి మూతి బిగిస్తాడు. ఎంగిలాకుల మధ్య పాల కవర్లు, సాంబారులో నానిన అట్టపెట్టెలు, టిష్యూ కాగితాలు, సోంపు పొట్లాలు అన్నీ ఒక ముద్ద అయిపోతాయి. బండి రాకముందే మన గుమ్మం దగ్గర జరిగే ఈ కలగాపులగానికి కార్మికులను తిట్టి లాభం లేదు. ఆ రాత్రి పని ఎవరిదో పేరు పెట్టి అప్పగించు, దానికి అరగంట కూలి వేరుగా లెక్కకట్టు. జీతం లేని పని ఏ హోటల్లోనూ సరిగా జరగదు.

వేరు చేయడం ఎందుకంత ముఖ్యమో కూడా చెబుతాను, ఎందుకంటే కారణం తెలియని పని నాలుగు రోజుల ముచ్చటే అవుతుంది. మన ఊరి తడి చెత్త చేరే తూకివాకంలో దానిని ఎరువుగా, గ్యాసుగా మార్చే ఏర్పాట్లున్నాయి. గ్యాసు తొట్టిలో పని చేసేవి సూక్ష్మజీవులు. వాటికి అన్నం, కూర, తొక్క ఏదైనా ఆహారమే, ప్లాస్టిక్ కవరు మాత్రం కాదు. అది గొట్టాలకూ, కలిపే రెక్కలకూ చుట్టుకుని యంత్రాన్నే ఆపుతుంది. ఎరువులో పగిలిన గాజు ముక్క ఒక్కటి కనిపించినా రైతు మళ్లీ ఆ ఎరువు ముట్టుకోడు. పొడి చెత్త సంగతీ అంతే. శుభ్రమైన అట్టపెట్టెలను గుజిరీ అంగడివాడు తూకం వేసి డబ్బిస్తాడు, అదే పెట్టె సాంబారు తాగితే నువ్వే ఎదురు డబ్బిచ్చి పంపాలి. పాల కవర్లు కడిగి ఆరబెడితే వాటికీ మంచి ధరే ఉంటుంది. యాత్రికులు వదిలేసే నీళ్ల సీసాలకు ఈ ఊళ్లో కరువు లేదు. కొండ మీదికి ప్లాస్టిక్ సీసాలను అనుమతించరు కాబట్టి వాటిలో చాలా భాగం కిందనే మన హోటళ్లలో మిగిలిపోతాయి. నీళ్లు వంపేసి, నలిపి, విడిగా పెట్టించు.

అలాగని పొడి చెత్త అంతా డబ్బే అనుకోకు. చిప్సు పొట్లాల వంటి పలుచటి పొరల ప్యాకింగును ఏ గుజిరీవాడూ కొనడు. ప్లాస్టిక్, అల్యూమినియం పొరలు ఒకదానికొకటి అతుక్కుని ఉంటాయి కాబట్టి వాటిని విడదీసి కరిగించడం గిట్టుబాటు కాదు, సిమెంటు బట్టీల్లో ఇంధనంగా మండించడమే వాటికి ఎక్కువగా దొరికే దారి. పేపరు కప్పు పేపరేనని అనుకోవడం ఇంకో భ్రమ. కాఫీ కారిపోకుండా లోపల ప్లాస్టిక్ పూత ఉంటుంది, అందుకే అది మామూలు కాగితాలతో కలవదు. కూర్చుని తాగేవాళ్లకు స్టీలు గ్లాసు పెట్టు, కడిగే మనిషి జీతం కప్పుల ఖర్చులో వచ్చేస్తుంది.

పార్శిలు కవర్ల దగ్గర నిన్ను మోసం చేయడానికి చాలామంది వస్తారు. ఆకుపచ్చ రంగు, మీద ఒక చెట్టు బొమ్మ, "మట్టిలో కలిసిపోతుంది" అన్న మాట ఉంటే చాలదు. చేతి సంచులుగా ఇచ్చే మామూలు ప్లాస్టిక్ కవరు 2022 డిసెంబరు 31 నుంచి కనీసం 120 మైక్రాన్ల మందం ఉండాలి. కంపోస్టు అయ్యే కవర్లకు ఈ మందం నిబంధన వర్తించదు, ఆ మినహాయింపును అడ్డం పెట్టుకునే నకిలీ సరుకు వస్తోంది. అసలైన కంపోస్టబుల్ కవరు తయారీదారుకు కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి ధ్రువపత్రం ఉంటుంది, ఆ వివరం కవరు మీద అచ్చువేసి ఉండాలి. అదైనా వేడి, తేమ సరిగా ఉండే కంపోస్టు కేంద్రంలోనే కరుగుతుంది గాని కాలువలో పడితే మామూలు కవరులాగే నెలల తరబడి ఉంటుంది. ప్లాస్టిక్ ప్లేట్లు, గ్లాసులు, చెంచాలు, స్ట్రాలు 2022 జూలై 1 నుంచి నిషేధం. పాత స్టాకు ఉంది, చవకగా ఇస్తానని ఎవరైనా తెస్తే గుమ్మం ఎక్కనివ్వకు.

వాడిన నూనె గురించి కాస్త ఎక్కువ రాస్తాను, ఎందుకంటే నీ హోటల్లో పూరీ, వడ, బజ్జీ ఉంటాయని చెప్పావు. మళ్లీ మళ్లీ కాగిన నూనెలో పోలార్ సమ్మేళనాలనే చెడు పదార్థాలు పేరుకుంటాయి, అవి 25 శాతం దాటిన నూనెను వంటకు వాడకూడదని ఆహార భద్రతా ప్రమాణాల సంస్థ నిబంధన 2018 జూలై నుంచి అమల్లో ఉంది. రోజుకు 50 లీటర్లకు మించి నూనె వేయించడానికి వాడేవాళ్లు దాని లెక్క పుస్తకం కూడా రాయాలి. కొందరు పాత నూనెలో కొత్తది కలిపితే సరిపోతుందనుకుంటారు. కలిపితే రంగు తేలికపడుతుంది గాని పాతదానిలోని చెడు ఎక్కడికీ పోదు. మరికొందరు వేడినీళ్లతో కలిపి తూములో పోస్తారు, అది కాలువలో చల్లబడి గడ్డకట్టి మొదట మన హోటలు మురుగునే వెనక్కి తంతుంది. మూడో రకం వాళ్లది నాకు అన్నిటికంటే కోపం తెప్పించే పని. ఎక్కువ ధర ఇచ్చేవాడు ఎవరైతే వాళ్లకు అమ్మేస్తారు. బయోడీజిల్‌ అనే ఇంధనం చేయడానికి తీసుకునేవాడి కంటే ఎక్కువ ఇస్తానంటే ఆ నూనె ఎక్కడికి పోతుందో ఆలోచించు, ఎవడో తోపుడుబండి మీద దానిలోనే మళ్లీ బజ్జీలు వేస్తాడు. ఆహార భద్రతా ప్రమాణాల సంస్థ దగ్గర నమోదైన సేకరణదారుకే ఇచ్చి, ప్రతిసారీ లీటర్లు, తేదీ రాసిన రసీదు తీసుకో.

మిగిలిన అన్నం ఆవులకు పెడితే పుణ్యమని మీ అమ్మ తప్పకుండా అంటుంది. ఈ విషయంలో మాత్రం మా చెల్లెలి మాట వినకు. గడ్డి తినే పశువు ఒక్కసారిగా బోలెడు ఉడికిన అన్నం తింటే కడుపులో ఆమ్లం పెరిగి, పొట్ట ఉబ్బి, చనిపోయే ప్రమాదం కూడా ఉంది. కూరగాయల తొక్కలు, ఆకులు గోశాలవాళ్లు అడిగితే ప్లాస్టిక్ లేకుండా చూసి పంపు. ముట్టని అన్నం మిగిలితే వేడి తగ్గకముందే మనుషులకు పెట్టడం మంచిది. ఎంగిలిది తడి డబ్బాలోకే పోవాలి. అది కూడా సాంబారు, రసం, మజ్జిగ వంపేసి, చిల్లుల బుట్టలో కాసేపు ఉంచి, ఆ తర్వాత డబ్బాలో వేస్తే బరువు తగ్గుతుంది, వాసనా తగ్గుతుంది, బండి నుంచి రోడ్డు మీద కారే నీళ్లూ తగ్గుతాయి.

ఇరవై నాలుగు గంటల్లో ఎరువు చేసే యంత్రమని అమ్మేవాళ్లు వస్తారు. వాటిలో చాలా భాగం చెత్తను వేడి చేసి, ఆరబెట్టి, పొడి చేస్తాయంతే. ఆ పొడి తడిస్తే మళ్లీ కుళ్లుతుంది, కొన్ని వారాలు మాగబెట్టనిదే మొక్కకు వేయలేం. కరెంటు బిల్లు, మాగబెట్టే చోటు రెండూ లెక్కవేసుకున్నాకే కొను. నీకు మేడ మీద చోటుంటే కంపోస్టు తొట్లే నయం.

ప్రైవేటు మనిషికి అప్పగిస్తే మన బాధ్యత తీరిపోతుందన్న నీ ఆలోచనకు వస్తాను. మాకు తెలిసిన ఒక కాంట్రాక్టరు నెలనెలా డబ్బు తీసుకుని హోటళ్ల చెత్తను ఊరి శివార్లలో ఖాళీ స్థలంలో పోసి నిప్పు పెట్టేవాడు. బిల్లు పుస్తకాలు ఆ బూడిదలో సగం కాలి దొరికితే అధికారులు వచ్చింది వాడి ఇంటికి కాదు, ఆ బిల్లుల మీద పేరున్న హోటలుకు. బహిరంగంగా చెత్త కాలిస్తే 5,000 రూపాయలు, పెద్ద మొత్తంలో కాలిస్తే 25,000 రూపాయల జరిమానా అని పర్యావరణ కేసులు చూసే జాతీయ హరిత ట్రిబ్యునల్ 2016 డిసెంబరులోనే చెప్పింది. అందుకే ఎవరిని పెట్టుకున్నా కార్పొరేషన్ అనుమతి చూడు, ఎక్కడికి తీసుకెళ్తాడో కాగితం మీద రాయించుకో, ఒకసారి వాడి బండి వెనకాలే నీ మోటారు సైకిలు మీద వెళ్లి చూసి రా. చెత్త సంగతి ఎవడు చూస్తాడులే అనుకునే మనిషికి ఆ ఒక్క రాకతో భయం వస్తుంది.

ఇప్పుడు జరుగుతున్న రిపేర్లలో వచ్చే ఇటుక ముక్కలు, పాత టైల్సు ఎవరో ట్రాక్టరువాడు స్వర్ణముఖి గట్టున పోస్తానంటే ఒప్పుకోకు, వాటికీ తూకివాకంలో చోటుంది. పాత ఇన్వర్టరు బ్యాటరీ కొత్తది కొన్న కొట్లోనే ఇచ్చెయ్యి. మరుగుదొడ్ల దగ్గర ప్యాడ్లకు, డైపర్లకు మూత ఉన్న డబ్బా విడిగా పెట్టించు, కాగితంలో చుట్టి వేయమని తమిళంలో కూడా రాయించు. పగిలిన గాజును అట్టపెట్టెలో పెట్టి, పైన "గాజు" అని రాసి, కార్మికుడి చేతికి ఇవ్వాలి. వట్టి కవరులో వేస్తే కోసుకునేది అతని చెయ్యి.

వెనక వైపు టైల్సు ఇంకా వేయలేదని రాశావు కాబట్టి ఇదే సమయం. గిన్నెలు కడిగే చోటుకూ వెనక తలుపుకూ మధ్య నాలుగు డబ్బాలు పట్టే స్థలం వదలమని మేస్త్రీకి చెప్పు, నేల తలుపు వైపు కాకుండా తూము వైపు వాలేలా చూడమను, తూముకు ముందు నూనె తెట్టు ఆగే గుంత ఒకటి కట్టించు. ఆ గోడ పొడుగు, తలుపు వెడల్పు కొలిచి ఫోటోతో పంపితే ఏ డబ్బా ఎక్కడ ఉండాలో గీసి పంపుతాను.

ఇట్లు,
మీ పెద్దమ్మ