చేపల్ని మళ్ళీ వలలో వెయ్యకు

కిట్టూ,

చెరువు మీదా, దాని చుట్టూ బతికే మనుషుల మీదా డాక్యుమెంటరీ తీస్తానని ఉద్యోగం మానేశావట. మీ అమ్మ ఫోన్లో గుసగుసగా చెప్పింది. వినగానే భయమేసింది, కాసేపటికి గర్వంగా అనిపించింది, రాత్రయ్యేసరికి మళ్ళీ భయమే. నిద్ర పట్టక రాస్తున్నా.

కెమెరా సంగతులు నాకంటే నీకే బాగా తెలుసు. మైకుకి బొచ్చు తొడుగు లేకుండా గట్టెక్కకు, గాలి హోరు తప్ప ఏమీ వినపడదు. ఎక్కడ షూట్ చేసినా చివర్లో అందరినీ ఒక్క నిమిషం ఊరుకోమని, ఆ చోటి చప్పుడు రికార్డు చేసుకో. ఎడిటింగ్‌లో అతుకులు కప్పేది అదే. ఏ రోజు మెమరీ కార్డులు ఆ రోజే రెండు కాపీలు తియ్యి, రెండూ ఒకే బ్యాగులో పెట్టకు. 1916లో, ఉత్తర కెనడా మంచులో డాక్యుమెంటరీ తీసిన రాబర్ట్ ఫ్లాహర్టీ సిగరెట్ నిప్పు పడి దాదాపు 30,000 అడుగుల ఫిల్ము కాలిపోయింది. ఆయన మళ్ళీ ఆ మంచులోకి వెళ్ళి మొదట్నుంచీ తీసుకొచ్చాడు. నీకంత ఓపిక ఉందని నేననుకోను.

ఇక అసలు సంగతి. డైరెక్టర్ ‘యాక్షన్’ అనకముందు, ‘కట్’ అన్న తర్వాత జరిగేవి ఎడిటర్‌కే కనపడతాయి. ఒకాయన డాక్యుమెంటరీకి నేను ఎడిటర్‌గా పనిచేశాను. చీకటితో ఒక జాలరి వల లాగేశాడు, అప్పటికి కెమెరా రెడీ కాలేదు. ఎండ బాగా వచ్చాక పట్టిన చేపల్ని మళ్ళీ వలలో వేయించి, ఇంకోసారి లాగించారు. ఆ ముక్క రషెస్‌లో, అంటే ఇంకా కత్తిరించని ఫుటేజీలో ఉంది. ఒక్కో చేపనీ వలలో సర్దుతూ ఆ జాలరి తలెత్తి డైరెక్టర్ని చూశాడు. కోపం లేదు. పిల్లాడి బొమ్మలాటకి సరేనన్న పెద్దమనిషి చూపు అది. ఈ షాటు వద్దండీ అన్నాను. “ఎవరికి తెలుస్తుందమ్మా!” అన్నాడాయన.

సిటీలో చప్పట్లు కొట్టారు. తర్వాత ఆ ఊళ్ళోనే తెర కట్టి వేశారు. ఆ సీను రాగానే ఊరంతా ఒక్కసారి గొల్లున నవ్వింది. వలలో ఒక్క చేపా కొట్టుకోవడం లేదు! మాలో ఎవ్వరమూ గమనించలేదు, వాళ్ళకి చూడగానే తెలిసిపోయింది. ఆ తర్వాత నిజంగా జరిగిన సీన్లు వచ్చినా నవ్వుతూనే ఉన్నారు. పాపం, వల లాగినాయన మధ్యలోనే లేచి వెళ్ళిపోయాడు.

అక్కడ నవ్వడానికి తెలిసినవాళ్ళున్నారు. లేనిచోట అబద్ధమే నిలిచిపోతుంది. లెమ్మింగులు అనే, ఎలుకల్లాంటి చిన్న జంతువులు గుంపుగా సముద్రంలో దూకి చస్తాయని ఇప్పటికీ నమ్మేవాళ్ళున్నారు. ఆ నమ్మకం పాతదే గానీ, దాన్ని కళ్ళకు కట్టింది 1958 నాటి డిస్నీ డాక్యుమెంటరీ ‘వైట్ వైల్డర్‌నెస్’. ఆ సీను తీసింది కెనడాలోని అల్బర్టాలో, అక్కడ సముద్రమే లేదు. మానిటోబా నుంచి లెమ్మింగుల్ని కొని తెచ్చి, మంచు పరిచిన తిరుగుడు బల్ల మీద పరిగెత్తించి, నదిలోకి తోశారు. దానికి ఆస్కార్ కూడా ఇచ్చారు!

కాబట్టి షాటు తప్పిపోతే తప్పిపోనీ. రేపు పొద్దున మళ్ళీ వెళ్ళు. రేపు కూడా వాళ్ళు వల వేస్తారు. మీ కుర్రాళ్ళకే ఆగే ఓపిక ఉండదు. వెళ్ళిన మొదటి వారం అసలు కెమెరా బయటికి తియ్యకు. సంతకాల కాగితం వాళ్ళ భాషలో చదివి వినిపించు, వద్దంటే ఎవరూ ఏమీ అనుకోరని కూడా చెప్పు. పక్షుల గూళ్ళ మీద డ్రోన్ ఎగరేశావో, నాతో మాట్లాడకు. తల్లి లేచిపోతే గుడ్లు ఎండకి మాడిపోతాయి. గూడు ఎక్కడుందో ఫోన్లో కూడా ఎవరికీ పంపకు.

ఇంకొకటి, దీన్ని అత్త చాదస్తమనుకో. వ్యూఫైండర్‌లో కన్ను పెట్టి వెనక్కి నడవకు. నీకు ఈత రాదు. చిన్నప్పుడు నేర్పిద్దామంటే ఏడ్చి గోల చేశావు, గుర్తుందా? నీ నడుం బెల్టు పట్టుకుని వెనకాల నడిచే మనిషి లేకుండా గట్టు మీద ఒక్క షాటూ తియ్యకు. పడవెక్కితే లైఫ్ జాకెట్ వేసుకో, ఎంత ఉక్కగా ఉన్నా సరే.

రషెస్ ఒక కాపీ నాకు పంపు. ఏరినవి కాదు, అన్నీ.

మీ నాన్నకి ఉద్యోగం సంగతి ఇంకా తెలియదటగా. నువ్వు నోరెత్తకు. ఆదివారం నేను ఫోన్ చేసి మాట్లాడతాను.

మీ అత్త