కట్ట తీసేముందు వెనకున్న ఒండ్రు చూడు

అమ్మలూ,

అమెరికాలో హడ్సన్ నదికి ఉన్న ఒక ఉపనది మీద పాత మిల్లు డ్యామ్ తీసే పనిలో చేరుతున్నావని మీ నాన్న ఫోన్‌లో చెప్పాడు. ఉద్యోగమంతా కట్టలు కాపాడుతూ గడిపినవాణ్ణి, మా ఇంటి పిల్ల కట్ట తీయడానికి వెళ్తోందంటే ముందు గుండె ఝల్లుమంది, ఆ తర్వాత వీధిలో కనబడ్డవాళ్లందరికీ చెప్పుకున్నాను.

పర్మిట్లు, డ్రాయింగులు మీవాళ్లు చూసుకుంటారు. నా టెన్షనల్లా డ్యామ్ వెనక పేరుకున్న ఒండ్రు గురించే. ఆ హడ్సన్ మీదే, ఎగువన ఫోర్ట్ ఎడ్వర్డ్‌ అనే ఊళ్లో 1973లో పాడుబడ్డ డ్యామ్ తీసేశారు. పాతది, తీశారు, సబబే. కానీ దాని పైనున్న జనరల్ ఎలక్ట్రిక్ ఫ్యాక్టరీల నుంచి 1940ల చివరి నుంచీ పీసీబీలనే విష రసాయనాలు నదిలోకి వస్తుండేవి. ఆ విషం నీళ్లలో అంతగా కరగదు, బురదను పట్టుకుని కూర్చుంటుంది. కట్ట పోగానే ఆ బురద వరదతో కిందికి దిగింది. 1976లో ఎగువ హడ్సన్‌లో చేపలు పట్టడమే నిషేధించారు. ఆ బురదను తవ్వి తీసే పని 2009లో మొదలై 2015 దాకా సాగింది! తీసిన రోజున ఎవరికీ చెడు ఉద్దేశం లేదు, అడుగున ఏముందో సరిగ్గా చూడలేదు, అంతే.

అందుకే అడుగుతున్నా, మీది ఏం మిల్లు? తోళ్లదా, అద్దకాలదా? ఊళ్లో పెద్దవాళ్లని అడుగు. పైపైన పారతో తీసింది శాంపిల్ కాదు, గొట్టం అడుగున రాయి తగిలేదాకా దిగాలి. నల్లటి పొర కనబడినా, నూనె వాసన తగిలినా అక్కడే ఆగి ల్యాబ్‌కి పంపండి. ఎవరు తొందరపెట్టినా రిపోర్టు రాకుండా సంతకం పెట్టకు.

ధవళేశ్వరంలో వరదల రోజుల్లో ఎర్రనీళ్లకి ఎదురీదుతూ వచ్చిన పులస కట్ట దగ్గరే ఆగిపోవడం ఎన్నో ఏళ్లు చూశాను. ఆ కట్ట తీయమని అనలేను, 1852 నుంచీ డెల్టా అన్నం తింటున్నది దానివల్లే. ఎవరికీ నీళ్లివ్వని కట్ట తీసి, సముద్రం నుంచి గుడ్లు పెట్టడానికొచ్చే హెర్రింగ్ చేపలకి దారివ్వడం నీ చేతికొచ్చింది, ఎంత అదృష్టవంతురాలివే!

చిన్న డ్యామే కదా అని దాని కింద నీళ్లలోకి మాత్రం దిగకు. పైనుంచి పడ్డ నీరు అడుగున తిరిగి మనిషిని మళ్లీ కట్ట వైపే లాగుతుంది, ఎంత ఈతొచ్చినా వదలదు. చిన్నప్పుడు నా చెయ్యి విదిలించుకుని కాలవలోకి దూకేదానివి, అందుకే ఇంత గట్టిగా చెబుతున్నా. లైఫ్ జాకెట్ లేకుండా ఒడ్డున కూడా నిలబడకు తల్లీ.

ల్యాబ్ రిపోర్టు వచ్చాక నాకూ పంపు. కొత్త కళ్లద్దాలు చేయించుకున్నాను, పట్టికలు బాగానే కనబడుతున్నాయి.

మీ పెదనాన్న