బదిలీ లేని జడ్జి

ప్రశ్న: మా అబ్బాయి అట్లాంటాలో ఉంటాడు. మొన్న అలబామాలోని మోంట్‌గోమరీ చూపించాడు. అక్కడ పెద్ద కోర్టు భవనానికి ఫ్రాంక్ ఎం. జాన్సన్ అని పేరు పెట్టారు. పక్కనే పాత బస్ స్టేషన్, ఇప్పుడు మ్యూజియం. ఆయన ఫెడరల్ జిల్లా జడ్జిగా చేశారట. మన జిల్లా జడ్జి లాంటి ఉద్యోగమేనా? - ఒక పాఠకుడు, నరసరావుపేట

జవాబు: పేరొక్కటే, ఉద్యోగం వేరండీ. మన దగ్గర కింది కోర్టులో చేరి ప్రమోషన్ల మీద జిల్లా జడ్జి అవుతారు, లేదా ఏడేళ్లు ప్రాక్టీసున్న ప్లీడరు పరీక్ష రాసి నేరుగా వస్తాడు. అక్కడ ఫెడరల్, అంటే కేంద్ర, కోర్టు జడ్జికి పరీక్ష లేదు. అధ్యక్షుడు పేరు పంపిస్తాడు, సెనేట్ ఒప్పుకుంటే చాలు. రిటైర్మెంట్ వయసు లేదు, జీతం తగ్గించడానికి వీల్లేదు. సాక్షుల్ని విని, జ్యూరీని, అంటే తీర్పు చెప్పే మామూలు పౌరుల్ని, కూర్చోబెట్టి కేసు నడిపేది ఆయనే.

నలభై ఏళ్లు నల్లకోటు వేసుకుని తిరిగినవాణ్ని, నాకు ఆశ్చర్యం వేసేది జీతం గురించి కాదు. బదిలీ లేకపోవడం! మా ఊళ్లో ఒక జడ్జిగారు పెద్దమనిషి మీద ఇంజంక్షన్, అంటే ఆ పని చేయొద్దనే ఆర్డరు, ఇచ్చారు. నాలుగు నెలల్లో సామాను లారీ ఎక్కింది. దానికీ దీనికీ సంబంధం ఉందని నేననను. లేదని మా బార్‌లో ఎవరూ అనలేదు.

జాన్సన్ గారిని 1955లో అప్పటి అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ వేశారు. అప్పటికి ఆయనకి 37 ఏళ్లు. కుర్చీలో సర్దుకునేలోపే మోంట్‌గోమరీలో నల్లవాళ్లు సిటీ బస్సులు ఎక్కడం మానేసి బహిష్కరణ మొదలుపెట్టారు. 1956 జూన్‌లో ముగ్గురు జడ్జీల బెంచి, సిటీ బస్సుల్లో నల్లవాళ్లకి వేరే సీట్లు పెట్టడం రాజ్యాంగానికి విరుద్ధమంది. తీర్పు ఇద్దరిది, మూడో ఆయన ఒప్పుకోలేదు. ఆ ఇద్దరిలో జాన్సన్ ఒకరు. ఆ తీర్పు నచ్చని జనం మధ్యే ఆయన ఉండాలి. బెదిరించడానికి ఇంటి ముందు శిలువ తగలబెట్టారు. 1967లో వాళ్లమ్మగారింట్లో బాంబు పేలింది. అది ఆయన ఇల్లే అనుకుని పెట్టారంటారు. అదృష్టం, ఆవిడకి ఏమీ కాలేదు.

నాకు బాగా ఇష్టమైంది 1959 నాటి సంగతి. లా కాలేజీలో తనతో చదివిన జార్జ్ వాలెస్ అప్పటికి రాష్ట్ర జడ్జి. ఓటర్ల రికార్డులు ఇమ్మని జాన్సన్ ఆర్డరేస్తే ఇవ్వనని భీష్మించాడు. ఒక రాత్రి జాన్సన్ ఇంటికొచ్చి, నన్ను కొద్ది రోజులు జైల్లో పెట్టు, రాజకీయంగా పనికొస్తుందన్నాడట. రికార్డులు ఇవ్వకపోతే కొద్ది రోజులు కాదు, వేయగలిగినంతా వేస్తానన్నాడట ఈయన. వాలెస్ ఆ కాగితాల్ని చాటుగా గ్రాండ్ జ్యూరీల (కేసు పెట్టాలా వద్దా తేల్చే పౌరుల బృందాల) చేతికి అందించి, బయట మాత్రం ఎదిరించినట్టు నటించాడు. జాన్సన్ ఏం చేశాడు? ఆ నాటకం సంగతి తీర్పులో రాసి మరీ, కోర్టు ధిక్కారం లేదని వదిలేశాడు. జైలు వీరుడయ్యే అవకాశం పోయింది. తర్వాత గవర్నరైన వాలెస్ ఈయన్ని బహిరంగంగా తిట్టిపోశాడు.

1965లో నల్లవాళ్ల ఓటు హక్కు కోసం సెల్మా ఊరి నుంచి మోంట్‌గోమరీకి తలపెట్టిన 54 మైళ్ల నడకని మొదట విచారణ అయ్యేదాకా ఆపిందీ ఈయనే, మార్చి 17న అనుమతిచ్చిందీ ఈయనే. జరిగిన అన్యాయం ఎంత పెద్దదో నిరసన హక్కూ అంత విస్తృతంగా ఉండాలన్నది ఆ తీర్పులోని మాట. రోడ్డు రెండు వరసలే ఉన్న చోట 300 మందికి మించకూడదని షరతు కూడా పెట్టారు. జడ్జి అనిపించుకునేది నా దృష్టిలో అక్కడే.

1979లో ఆయన అప్పీళ్ల కోర్టుకి వెళ్లారు. 1992లో, బతికుండగానే కోర్టుకి ఆయన పేరు పెట్టారు. 1999లో పోయారు.

మీరు చూసిన ఆ బస్ స్టేషన్‌లోనే 1961 మేలో ఫ్రీడమ్ రైడర్లని, అంటే బస్సుల్లో, స్టేషన్లలో వివక్షని ఎదిరిస్తూ కలిసి ప్రయాణించిన నల్ల, తెల్ల జనాన్ని, మూక చావబాదింది. తర్వాత నల్లవాళ్ల మీద దాడులు చేసే క్లాన్ ముఠా మీదా, కాపాడని పోలీసుల మీదా ఇంజంక్షన్ ఇచ్చింది జాన్సనే. ఆ తర్వాత కూడా ఆయన్ని ఆ ఊరు నుంచి ఎవరూ కదపలేదు.